షిమొజొనో చూపుడు వేలు

జపాన్‌లోని కగోషిమా ఎయిర్‌పోర్టులో విమానాల మెకానిక్ షిమొజొనో చిజురు చూపుడు వేలు చాపితే, ఎదురుగా ఉన్న సకురాజిమా అగ్నిపర్వతం కూడా పొగ కక్కడం ఆపి "ఏమైంది తల్లీ?" అంటుంది. నమ్మకపోతే ఫుకుదోమెని అడగండి. విమానం ఆగగానే చక్రాలకు అడ్డుదిమ్మలు పెట్టే మనిషి. ఇరవయ్యేళ్ల సర్వీసు. అబద్ధమాడితే చెవులు ఎర్రబడతాయి, దాచుకోలేడు.

ఏది చూసినా వేలు చాపి పైకి చెప్పడం ఆమె అలవాటు. "టైరు, సరే!" "తలుపు, సరే!" అక్కడ అందరికీ నేర్పేదే. మిగతావాళ్లు గొణుగుతారు, ఈవిడ మాత్రం పక్క ఊరికి వినబడేలా అరుస్తుంది.

"అక్కా, ఇంట్లో అన్నం కూడా ఇలాగే వండుతావా?" అని ఫుకుదోమె ఏడిపించేవాడు.

"నువ్వు తినే అన్నమైతే రెండుసార్లు చూస్తా."

ఫుకుదోమెకీ ఒక జబ్బుంది. మరక కనిపిస్తే చాలు, గుడ్డ తీస్తాడు. ప్రయాణికులు చూస్తే పరువు పోతుందని. ఆ మధ్యాహ్నం అమామి దీవి నుంచి దిగిన విమానం కుడి చక్రం దగ్గర ఊదారంగు నూనె చుక్కలు పడ్డాయి. తుడిచాడు. మళ్లీ పడ్డాయి. మళ్లీ తుడిచాడు. ఎక్కడ కారుతోందో చెప్పే జాడంతా గుడ్డలోకి పోయింది. ఇంజిన్లు ఆగినా లోపల నూనె తోసే పంపు ఇంకా తిరుగుతోంది. సన్నగా బుస వినిపిస్తోంది గాని కంటికేమీ ఆనడం లేదు. నూనె అంటిన గ్లౌజు ఊడదీసి చక్రం దగ్గరి నూనె గొట్టం పక్కన తగిలించి, వట్టి చేత్తో తడమబోయాడు.

"చెయ్యి వెనక్కి తియ్యరా!"

ఆమె అతన్ని 'రా' అనడం అదే మొదటిసారి. చెయ్యి గాల్లోనే ఆగిపోయింది.

"చూస్తున్నానంతే, అక్కా..."

"వేళ్లతోనా చూసేది? అందులోంచి వచ్చే ధార సూది కంటే సన్నం. తోలు చీల్చుకుని లోపలికి పోతుంది. ముందు నొప్పి కూడా తెలీదు. ఆనక డాక్టరు వేలు తీసేస్తానంటాడు. ఇవతలికి రా. కళ్లు నలపకు."

మైకులో పైలట్‌ని పంపు ఆపమంది. అతను చెప్పిన ప్రతి మాటకీ వేలు చాపి తిరిగి అరిచింది. "పంపు, ఆగింది! ఒత్తిడి, సున్నా!" తర్వాత చక్రం వైపు తిరిగి, "బ్రేకులు, వేడి! ఎవరూ రావద్దు!" ప్రయాణికుల్ని ఎడమవైపు నుంచి దూరంగా నడిపించారు.

బ్రేకులు చల్లారాక, కళ్లజోడూ మందపాటి గ్లౌజులూ వేసుకుని వెళ్లి, తగిలించిన ఆ పాత గ్లౌజుని పట్టకారుతో పట్టుకొచ్చింది. చూపుడు వేలి దగ్గర సూది గుచ్చినంత చిల్లు. లోపలంతా ఊదారంగు తడి.

ఫుకుదోమె తన వేలు వంచాడు, చాపాడు, మళ్లీ వంచాడు. ఆమె సబ్బు తెచ్చి చేతిలో పెట్టింది.

ఆ వారం షోచు సారా కొట్టులో ఫుకుదోమె, అక్క ఆ ధారని వేలు అడ్డుపెట్టి అరగంట ఆపేసిందని అందరికీ చెబుతున్నాడు. చెవులు కాల్చిన ఇనుములా ఉన్నాయి. షిమొజొనో వేడినీళ్లు కలిపిన షోచు గ్లాసు కింద పెట్టింది.

"వేలితో నేనేమీ ఆపలేదు. పంపు ఆపింది పైలట్. నేను అరిచాను, అంతే. వీడు మరకలు తుడవడం పోయిన నెలే చూశాను, వద్దని అప్పుడే చెప్పాల్సింది. చెప్పలేదు."