తొలి యాపిల్ ఎవరు కోయాలి?

మొన్న మా అమ్మాయి తన వైట్‌ఫీల్డ్ ఇంటి మిద్దెమీద పెట్టుకోవడానికి మొక్కలు కొంటానంటే, తోడుగా కాడుగోడి దాకా వెళ్ళాను. నర్సరీ అతను నడుమెత్తు అంటు ఒకటి చూపించి, "ఇది ఎండకు కాసే యాపిల్ అమ్మా. కొత్త వెరైటీ. బెంగుళూరులో ఇంతకుముందు ఎవురూ పెంచలే" అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఎనభైకి దగ్గరపడ్డ మనిషివి మొక్కలవాళ్ళతో తగవేమిటని అమ్మాయి చెయ్యి పట్టుకుని ఇవతలికి లాక్కొచ్చింది గానీ, లేకపోతే అక్కడే తేల్చేదాన్ని. ఎవరూ పెంచలేదట! మా చిన్నమ్మ పెంచింది. ఆ పుల్లటి కాయలు తినే నేను పెద్దదాన్నయ్యాను.

అవి యాభైల చివరి సంవత్సరాలు. మా నాన్నకూ చిన్నాయనకూ కలిపి చిక్కపేటలో చీరల అంగడి ఉండేది. ఇల్లు మాత్రం ఊరికి దక్షిణాన. వెనక బావి, బావి చుట్టూ పెరడు. అంగడి సంగతి ఎత్తుకుంటే మళ్ళీ చెట్టు దగ్గరికి రావడం కష్టం. ఒక చీర అడిగినవాళ్ళకు పది చీరలు విప్పి చూపించడం మా నాన్న అలవాటు, మాటల్లో నాదీ అదే అలవాటు. చిన్నాయన ఒకసారి కంటోన్మెంటులో ఇల్లు ఖాళీ చేసి ఇంగ్లండుకు పోతున్న దొరసాని దగ్గర కుర్చీలు కొన్నాడు. ఆవిడ కుండీలో ఉన్న యాపిల్ అంటు ఒకటి కొసరుగా ఇచ్చింది. కుర్చీలు మా అవ్వ ముందు వసారాలో వేయించుకుంది. మొక్క చిన్నమ్మకు మిగిలింది. మా ఇంట్లో ఎవరికీ అక్కర్లేనివన్నీ ఆమెకే వచ్చేవి లెండి.

చిన్నమ్మకు పెళ్ళయి చాలా ఏళ్ళయినా పిల్లలు లేరు. మా అమ్మ కన్న నలుగురం ఆమె చంకనెక్కి పెరిగినవాళ్ళమే. మాకు నూనె అంటి తల దువ్వింది ఆమే, జ్వరాలొస్తే పక్కన కూర్చున్నదీ ఆమే. అదేదీ లెక్కలోకి రాలేదు. బియ్యం కడిగిన నీళ్ళు, మాగిన పేడ వేసి ఆ మొక్కనూ అలాగే సాకింది. అది నా తల దాటి, మా నాన్న తల దాటి పెరిగింది. పువ్వు లేదు, పిందె లేదు. అప్పుడు చిన్నాయనకు దొరసాని చెప్పిన కిటుకు తీరిగ్గా గుర్తొచ్చింది. యాపిల్ చలిదేశపు చెట్టు. చలికి ఆకు రాల్చి నిద్రపోతేనే లేచి పూస్తుంది. ఇక్కడ అంత చలి ఉండదు కాబట్టి, వానలు వెనకబట్టాక నీళ్ళు ఆపేసి ఆకంతా చేత్తో దూసెయ్యాలట. చెప్పేసి ఆయన చక్కగా అంగడికి వెళ్ళిపోయాడు. చిన్నమ్మ కొంగు బిగించి నిచ్చెన వేసుకుంది.

అవ్వ చూసి గుండెలు బాదుకుంది. "పచ్చగుండే చెట్టును బోడి చేస్తా ఉండావే! ఇట్లాంటి చేతులుండేదానికి కడుపు యాడ పండుతుంది?"

"మన ఊర్లో చలి లేదు గదత్తా. ఆకు పోతేనే దానికి నిద్ర పట్టేది" అంది చిన్నమ్మ నిచ్చెన దిగకుండానే. ఆ రాత్రి మాకు అన్నం కలిపి పెడుతుంటే ఆమె వేళ్ళు పసరు వాసన వేశాయి. ఆమె మాత్రం తినలేదు.

బోడిచెట్టును చూసి పాలావిడ కూడా నొసలు ముడిచేది. కొన్నాళ్ళాగి చిన్నమ్మ పాదు తవ్వి, ఎరువు వేసి, బావి నీళ్ళు తోడి పోసింది. మొగ్గ తొడిగింది. తెల్లటి పూలు, అంచుల్లో గులాబీ రంగు. చాలావరకు రాలిపోయి గుప్పెడు కాయలు నిలిచాయి. నిన్నటిదాకా 'దాని చెట్టు' అన్న అవ్వ నోట అది రాత్రికి రాత్రి 'మా చెట్టు' అయింది. చిక్కపేట నుంచి బంధువులందరినీ పిలిచింది. తొలి కాయ దేవుడికి పెట్టాలి, దాన్ని పిల్లల తల్లే కోయాలి, గొడ్రాలి చెయ్యి పడితే చెట్టు మళ్ళీ కాయదు అంది. ఆ మాట చిన్నమ్మ ఎదుటే అంది! పసుపు కుంకుమల పళ్ళెం మా అమ్మ చేతికిచ్చారు. చెట్టుకు ఒక్కనాడూ చెంబెడు నీళ్ళు పోయని మా అమ్మ, తల వంచుకుని పళ్ళెం పుచ్చుకుంది. చిన్నాయన తన చెప్పులవంక చూసుకుంటూ నిలబడ్డాడు. వాళ్ళిద్దరి మీదా నాకు ఈనాటికీ కోపమే.

చిన్నమ్మ బావి దగ్గర బక్కెట దించి వచ్చింది. రెండు చేతులూ వెనక్కి కట్టుకుంది. "చెయ్యి పడకూడదు, అంతే గదత్తా?" అని, వంగిన కొమ్మ కింద నిలబడి, మెడ చాచి, చెట్టున వేలాడుతున్న కాయను కసుక్కున కొరికింది. అందరం చూస్తుండగానే నిదానంగా నమిలింది. "పులుపుండాది. ఇంగా వారం ఉండాల" అని మూతి తుడుచుకుని బక్కెట దగ్గరికి వెళ్ళిపోయింది.

ఎంగిలి కాయను దేవుడికెలా పెడతారు? పెట్టకుండా పక్క కాయను ఎలా కోస్తారు? బంధువులు కాఫీలు తాగి వెళ్ళిపోయారు. కొరికిన కాయ గోధుమరంగు తిరిగి, చుట్టూ చీమలతో, కొమ్మకే ఉండిపోయింది. వారం తర్వాత మిగతావన్నీ చిన్నమ్మే కోసి మా ఒళ్ళో పోసింది. చెట్టు ఆ తర్వాత కూడా ఏటా కాసింది, అరవైలన్నీ కాసింది. ఏటా ఆమే కోసింది. ఎవరూ అడ్డు చెప్పలేదు. నిజమే, కానీ 'నువ్వే కోయమ్మా, నువ్వు పెంచిన చెట్టు' అని నోరు తెరిచి అన్నవాళ్ళు ఒక్కరూ లేరు. చలి లేని ఊళ్ళో చెట్టును నిద్రపుచ్చి, లేపి పూయించడానికి ఆమెకు ఒక్క పంటకాలం చాలింది. ఆ ఒక్క మాట అనడానికి మా వాళ్ళకు ఆమె బతికినన్నేళ్ళూ చాలలేదు.