గోదావరి అవతలి కాలం బడి

మా అక్క చెప్పే కథలో ఒక బడి ఉండేది. గోదావరి దాటాక, ఆదిలాబాద్ అడవుల్లో ఎక్కడో ఉందనేది. అక్కడ లెక్కలు, పద్యాలు చెప్పరు. కాలాన్ని లొంగదీసుకునే విద్య చెప్తారు. మొదటి జమాత్‌లో, అంటే ఒకటో తరగతిలో, సాగదీయడం, రెండో జమాత్‌లో ఆపడం, మూడో జమాత్‌లో వెనక్కి తిప్పడం. అంతే, నాలుగోది లేదు. మా దిక్కు నాన్నను బాపు, అమ్మను అవ్వ అంటారు. బాపు చనిపోయాక మూడో జమాత్ మధ్యలోనే అక్కను బడి మాన్పించారు. ఆ పైన బడిలో ఏముంటుందో పాపం ఆమెకేం తెలుసు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన కొత్త రోజులవి. మెట్‌పల్లిలో ఒకే ఒక్క గది ఉన్న ఇల్లు మాది. అవ్వ, అక్క, నేను ముగ్గురం బీడీలు చుట్టేవాళ్లం. చేతులకు తునికాకు, తంబాకు ఉంటాయి, నోటికి మాత్రం పనుండదు. అందుకని అక్క కథ ఎత్తుకునేది. ఆ బడి పంతులమ్మకు పొద్దున తెల్లజుట్టు, పొద్దుగూకేసరికి నల్లజుట్టు. మొదటి జమాత్ పిల్లలు అన్నం ఉడికే సేపును సాగదీసి, ఆ సందులో వాగుకు పోయి ఈత కొట్టి వస్తారు. రెండో జమాత్ పిల్లలు తమకు నచ్చిన పూట మీద రాయి పెట్టి కదలకుండా చేస్తారు. మూడో జమాత్‌లో బలపం ఇవ్వరు, తడిగుడ్డ ఇస్తారు. పలక మీద ఒక రోజంతా రాసి ఉంటుంది. దాన్ని చివరి అక్షరం నుంచి మొదటి అక్షరం దాకా ఊపిరి తీయకుండా తుడిస్తే ఆ రోజు మళ్లీ మొదలవుతుంది.

"మరి గా పిల్లలు బాపును ఎందుకు తెస్తలేరు?" అని ఒకసారి అడిగాను.

"గది మూడో జమాత్ పాఠమే. ఇంకా పూర్తి గాలే," అంది అక్క.

అవ్వకు ఆ బడితో పేచీ లేదు. పగటిపూట కథ చెప్పడమే ఆమెకు పడేది కాదు. పగలు కథ చెప్తే తోవలో ఉన్న మేనమామ దారి తప్పుతాడని మా దిక్కు పెద్దలంటారు. అదే నిజమైతే మా వాడలో ఒక్క మేనమామ కూడా ఇల్లు చేరకూడదు. బీడీలు చుట్టే ఏ ఇంట్లో చూసినా పగలంతా కథలే.

మాకున్న మేనమామ ఒక్కడే, అవ్వకు తమ్ముడు. అక్క పుట్టినప్పుడే పిల్ల అతనిదని ఇంట్లో అనేసుకున్నారు. మందమర్రి బొగ్గుగనిలో, మా మాటలో బొగ్గుబాయిలో, పని దొరికి వెళ్లినవాడు, దసరాకు వస్తాను, పెళ్లి ముహూర్తం పెట్టుకుందామని కబురు పంపాడు. అది విన్నాక అక్క మొహం చూడాలి. ఆ సంతోషంలో కథలోని బడికి కూడా సెలవులిచ్చేసింది.

దసరా వచ్చింది, మామ రాలేదు. పండుగ వెళ్లాక అదే బాయిలో పనిచేసే మా వాడ మనిషి వచ్చి, "సంచి సంకకేసుకొని టేషన్‌కు పోయిండు. నా కండ్లతోని సూసిన. ఇంకా రాలేదా?" అన్నాడు. ఏ పూట వెళ్లాడో కూడా చెప్పాడు. సరిగ్గా ఆ పగటిపూటే అక్క మాకు ఆ సెలవుల కథ చెప్పింది. అవ్వ ఉన్నచోటే కూలబడింది. కాసేపటికి లేచి అక్క జుట్టు పట్టుకుంది.

"పట్టపగలు కథ జెప్పకు జెప్పకంటే ఇన్నవా? తోవల ఉన్నోన్ని తోవ తప్పిస్తివి గదనే!"

నాకు ఈనాటికీ మంట అక్కడే. కోపమొస్తే అవ్వ వంద అనేది, మేం ఒక్కటీ పట్టించుకునేవాళ్లం కాదు. ఆ ఒక్క మాటను మాత్రం అక్క నిజంగా నమ్మింది. బంధువులు మందమర్రి పోయి వెతికారు, మామ రైలు దిగాల్సిన పెద్దపల్లి పోయి వెతికారు. రైలు కింద పడ్డాడన్నారు, గోదావరిలో కొట్టుకుపోయాడన్నారు. మనిషీ దొరకలేదు, శవమూ దొరకలేదు.

ఆ తర్వాత దీపం పెట్టాకే కథ. అందులోంచి పిల్లలంతా వెళ్లిపోయారు. మూడో జమాత్‌లో ఒక్క పిల్ల, ఒక్క పలక మిగిలాయి. పలక మీద ఒక్క పగటిపూట రాసి ఉంది. ఆ పిల్ల తుడుస్తూనే ఉంటుంది. రోజూ అదే కథ.

"అక్కా, గా పిల్ల మొద్దా ఏంది?" అన్నాను, విసుగొచ్చి.

"మొద్దు గాదే. ఒక్క అచ్చరం పోతలేదు."

ఒక మధ్యాహ్నం అవ్వ, నేను ఆకు తెచ్చుకోవడానికి పోయి వచ్చేసరికి అక్క చుట్టిన బీడీలన్నీ విప్పుతోంది. చివరగా చుట్టినది మొదట. దారం లాగి, తంబాకు చాటలోకి దులిపి, ఆకును మోకాలి మీద పెట్టి చదును చేస్తోంది. ఎండిన ఆకు పుటుక్కున విరుగుతోంది. ఊపిరి బిగబట్టడంతో ఆమె మొహం కందిపోయి ఉంది. అవ్వ కొట్టబోయి, ఆ మొహం చూసి చెయ్యి దించింది. కథ చెప్పే మనిషి కథలోకే పోయిందని నాకు అప్పుడు తెలిసింది.

మతి చెదిరినవాళ్లు అంజన్న దేవుడి గుడి దగ్గరుంటే కుదుటపడతారని అవ్వ ఆమెను కొండగట్టుకు తీసుకుపోయి కొన్నాళ్లు అక్కడే ఉంచింది. తిరిగి వచ్చాక అక్క బీడీలు విప్పడం మానేసింది. పెళ్లికి మాత్రం ఒప్పుకోలేదు. "తోవ తప్పించింది నేను. ఆయన వచ్చేదాక ఉంట," అనేది. వచ్చిన సంబంధాలు తిరిగిపోయాయి. చివరికి నా పెళ్లి చేశారు. అక్కకు చెవుల దగ్గర తెల్లవెంట్రుకలు మొదలయ్యాయి, సాయంత్రానికి అవేమీ నల్లబడలేదు.

నేను పుట్టింట్లో ఉండగా ఒక పగలు మామ వచ్చాడు. వెంట భార్య, చంకలో పిల్లవాడు. ఆమెకు మరాఠీ తప్ప రాదు. మహారాష్ట్రలో చాందా దిక్కు బొగ్గుబాయిలో పని చేస్తున్నాడట. కొడుకు పుట్టెంట్రుకలు కొండగట్టులో తీయించి, పనిలో పనిగా అక్కను చూసిపోదామని వచ్చాడట.

అవ్వ అతని మెడ పట్టుకుని ఏడ్చింది. "తోవ తప్పినవా తమ్మీ? గిన్నేండ్లు యాడ తిరిగినవ్ రా?"

మామ నవ్వాడు. "తోవ తప్పుడేందక్కా? గా తోవ నాకు తెల్వదా? టేషన్‌ల గీ దిక్కు బండి కంటె ముందుగాల చాందా బండొచ్చింది. ఎక్కిన."

ఎందుకెక్కాడో చెప్పలేదు, అవ్వ అడగలేదు. కోడిని కోయించింది. అక్కే వండింది, అక్కే వడ్డించింది. ఇన్నేళ్లూ నువ్వే తప్పిస్తివన్న ఆ నోటితో అవ్వ ఒక్కసారన్నా "నీ తప్పు లేదు బిడ్డా" అంటుందేమోనని చూశాను. ఆమె మాత్రం తమ్ముడి విస్తరిలో కూర అయిపోయిందా అని చూస్తోంది.

వాళ్లు బస్సుకు వెళ్లిపోయాక అక్క బూడిదతో గిన్నెలు తోముతుంటే పక్కన కూర్చున్నాను. నా తెలివి తెల్లారినట్టే ఉంది, ఆమెను సంతోషపెడదామనే అన్నాను.

"ఇన్నవ్ గదక్కా. నీ తప్పేం లేదు. ఆయనకు ఆయనే పోయిండు."

అక్క తోమిన గిన్నెనే మళ్లీ తోమింది.

"తప్పు నాదనుకున్నన్ని దినాలే మంచిగుండె చెల్లె," అంది. "నా కోసం బయలెల్లిండు, నా దగ్గరికి వస్త వస్తనే తప్పిపోయిండు అనుకుంటి. గిప్పుడు గదిగూడ లేకపాయె."