పై వాటా ఆంటీ గిన్నె

ఒక చేత్తో నూనెలో సకినాలు తిప్పుతూ ఇంకో చేత్తో ఫోన్‌లో చిన్నప్పుడు టీవీలో సగమే చూసిన ఒక నాటకం కోసం వెతుకుతున్నాను. కోకాపేటలో నేను పనిచేసే ఈ పిండివంటల దుకాణంలో నువ్వులూ వామూ వేగిన వాసన లేచిందంటే చాలు, మదీనాగూడలో మేం కిరాయికున్న రెండు వాటాల ఇల్లు, మెట్లమీద మా గచ్చకాయల ఆట, ఎండాకాలం కిటికీలకు కట్టిన తడి చీరలు, అన్నీ కళ్ళముందుకొస్తాయి.

పై వాటాలోకి భీమవరం నుంచి ఒక ఆంటీ వాళ్ళు కొత్తగా దిగారు. దిగిన రోజే గిన్నెనిండా పులిహోర పంపింది. ఎవరి గిన్నైనా ఖాళీగా తిరిగివ్వకూడదు కదా. ఏదైనా పెట్టి ఇస్తే రాకపోకలు మొదలవుతాయని అమ్మ దాన్ని అటకెక్కించింది. "వాళ్ళ మాట వేరు, మన మాట వేరు, మనకెందుకే" అనేది. "ఇక్కడెవరూ పలకరించరండీ, ఇల్లు మారిపోదామండీ" అని ఆంటీ వాళ్ళాయనతో అనడం మెట్లమీద కూర్చుని విన్నాను. నాకేమో ఆ పులిహోర మళ్ళీ తినాలనుంది.

ఆ ఆదివారం టీవీలో స్టేజీ నాటకం వేశారు. చిన్న ఊళ్ళోకి గడియారాలు బాగుచేసే కొత్త మనిషి వస్తాడు. పెట్టె పట్టుకుని ఇంటింటి తలుపూ తడతాడు, ఎవరూ తీయరు. వెనక అట్టగోడలు ఊగుతున్నా మాకది నిజం ఊరే. అమ్మ కొంగుతో కళ్ళొత్తుకుంది.

"అయ్యో, గుక్కెడు నీళ్ళన్న ఇస్తలేరు సూడే! గీళ్ళు మనుషులేనా?"

కిటికీ వైపు చూశాను. ఇంట్లో ఇంకా టీవీ లేని ఆంటీ మెట్లమీద నిలబడి, ఊచల్లోంచి మా టీవీయే చూస్తోంది.

"అమ్మా, ఆంటీ బయటనే నిలబడ్డది."

"సప్పుడు చెయ్యకు."

అంతలో నాటకంలో అతను ఊళ్ళో ఆఖరి తలుపు తట్టాడు. కరెంటు పోయింది. వచ్చేసరికి వార్తలు నడుస్తున్నాయి.

"తలుపు తీసిండ్రా అమ్మా?" అని పడుకునేదాకా అడుగుతూనే ఉన్నాను.

"నాకేమెరుక!" అంది అమ్మ, అటకవైపు చూస్తూ.

ఇప్పుడా ఇల్లు లేదు, అక్కడ పెద్ద షాపింగ్ కాంప్లెక్స్. ఇంటింటికీ డెలివరీ సంచులొస్తాయి, తిరిగివ్వాల్సిన గిన్నెలు రావు. ఆ నాటకం ఫోన్‌లో ఎంత వెతికినా దొరకదు. ఆఖరి తలుపు తీశారో లేదో నాకిప్పటికీ తెలియదు.

నాటకం చూసిన మర్నాడు పొద్దున నేనేం చేశానో మాత్రం బాగా గుర్తుంది. కుర్చీ ఎక్కి గిన్నె దించి, డబ్బాలోంచి సకినాలు తీసి వేస్తుంటే వెనక నుంచి అమ్మ చెయ్యి వచ్చింది.

"గింత కొంచెమేం ఇస్తవే, నిండ పెట్టు."

నిండిన గిన్నెను పొట్టకానించుకుని మెట్లెక్కాను. పై వాటా తలుపు తట్టాను.