ఎలుకకు తెలుగు రాదు

తెనాలిలో ముప్పై ఏళ్లు బియ్యం గోదాము చూసిన వీరభద్రానికి, ఎలుకల విషయంలో తన మాటకు తిరుగులేదని గట్టి నమ్మకం. ఆయన అమెరికాలోని క్యారీ ఊళ్లో కూతురింటికి వచ్చిన రెండో వారమే గరాజ్‌లో బియ్యం బస్తాకు చిల్లు పడింది. అల్లుడు చక్రధర్ పీనట్ బటర్ రాసి బోను పెడితే, ఎలుక అటు కన్నెత్తి చూడలేదు.

"కొత్త వస్తువంటే దానికి అనుమానమయ్యా. బోను తలుపు పడకుండా తాడుతో కట్టేసి నాలుగు రోజులు ఊరికే గారెలు మేపాలి," అన్నాడు వీరభద్రం. "ఇంకోటి, బోను సంగతి ఎవరూ పైకి అనకూడదు. ఎలుకలు వింటాయి."

తెనాలిలో ఈ మాటకు ఎవరూ నవ్వరు. అక్కడ ఎలుకల మందు కొనుక్కొచ్చినా సైగలతోనే చెప్పుకుంటారు. ఇక్కడ మాత్రం భార్య దమయంతే నవ్వేసింది.

"ఇది అమెరికా ఎలుకండీ. దీనికి తెలుగెట్లా అర్థమవుద్ది?"

ఆయనకది న్యాయంగానే తోచింది. గరాజ్‌లో ఇంగ్లీషు బంద్ అని అప్పటికప్పుడే ప్రకటించాడు.

దెబ్బ తొమ్మిదేళ్ల మనవరాలు దియకు తగిలింది. అప్పటిదాకా "హాయ్ తాతా" అనేసి గదిలో దూరే పిల్ల. వీరభద్రానికి ప్రాణం ఉసూరుమనేది. అలాంటిది ఇప్పుడు బడి నుంచి రాగానే ఎలుక కబురు కోసం గరాజ్‌లో ఆయన పక్కన గొంతుక్కూర్చుంటోంది.

"తాతా, అది గారె తిన్నాడు?" అని గుసగుసగా అడిగేది. వ్యాకరణం ఎటు పోతే ఆయనకేం! టీచర్ మీద చాడీలు, స్నేహితురాలితో పోట్లాట, అన్నీ ఆ వచ్చీరాని తెలుగులోనే చెప్పుకొచ్చేది.

నాలుగు రోజులు కాస్తా పదకొండయ్యాయి. గారెలు తిని ఎలుక బలిసింది. ఎప్పుడో తాడు విప్పాల్సింది. కానీ అడిగినవాళ్లందరికీ "దాని అనుమానం ఇంకా పోలేదు" అని అబద్ధమాడాడు పెద్దమనిషి.

"మామయ్యగారూ, శనివారానికి పెస్ట్ కంట్రోల్ బుక్ చేశాను," అన్నాడు చక్రధర్.

వీరభద్రానికి రోషం పొడుచుకొచ్చింది. శుక్రవారం తాడు విప్పేశాడు. శనివారం పొద్దుటికి ఎలుక బోనులో ఉంది. అల్లుడు సారీ చెప్పి, బుకింగ్ క్యాన్సిల్ చేసి, బోనును కార్‌లో పెట్టుకుని వెళ్లాడు. మామగారు మీసం దువ్వుకున్నారు.

దియ గంతులేస్తూ వచ్చింది. "తాతా, యూ డిడ్ ఇట్! ఇక ఇంగ్లీష్ ఓకేనా?"

మీసం మీది చెయ్యి ఆగిపోయింది. వీరభద్రం నలువైపులా చూసి, వంగి, దియ చెవిలో అన్నాడు.

"ష్! నెమ్మదిగా. దాని పెళ్లాం ఇంకా ఇక్కడే ఉంది."

దియ కళ్లు పెద్దవయ్యాయి. చప్పుడు కాకుండా ఆయన పక్కన కూర్చుంది.

"తాతా, పిల్లలు కూడా ఉంది?"

"ఏడుగురు," అన్నాడు వీరభద్రం.