హంజలా అనే పేరుకు నేను రాసిన అర్థం

2023 జూన్. అనకాపల్లి జిల్లాలోని ఒక మండల కార్యాలయం. ఇరవై రెండేళ్ల కిందట నేను రాసిన ఒక చిన్న వార్త జిరాక్సు కాపీని విచారణాధికారి బల్ల మీద నా వైపు జరిపారు. నలభై దాటిన ఆవిడ, తొందరపడని మనిషి. ఇది మీరు రాసిందేనా అని అడిగారు. నేనేనన్నాను. చివరి వాక్యం కింద ఎవరో ఎర్ర సిరాతో గీత గీశారు. ‘హంజలా అంటే అరబ్బీలో అల్లాకు అంకితమైనవాడని అర్థం.’

"ఈ అర్థం మీకు ఎవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదండి. నేనే రాశాను."

ఆవిడ రాయడం ఆపి తలెత్తారు. "అంటే, కల్పించారా?"

"అవును."

నా వాంగ్మూలం రాసుకుని, ఒకసారి చదివి వినిపించి, సంతకం పెట్టమన్నారు. పెట్టాను. ముప్పై ఏళ్లకు పైగా వార్తలు పంపినా పత్రికలో నా పేరు ఎప్పుడూ పడలేదు. మా స్థాయి విలేకరుల పేర్లు వేయరు. లేనిది రాశానని ఒప్పుకున్న ఆ కాగితం మీద మాత్రం నా పేరు, తండ్రి పేరు, వయసు, వృత్తి అన్నీ ఉన్నాయి. బయట వరండాలో ఆ పేరు గల కుర్రాడు, వాడి తల్లిదండ్రులు బెంచీ మీద కూర్చుని ఉన్నారు. వాడి ఉద్యోగం ఆ వాక్యం దగ్గర ఆగిపోయింది.

ఇది అర్థం కావాలంటే మా పని గురించి కొంచెం చెప్పాలి. చిన్న ఊళ్ల నుంచి పత్రికలకు వార్తలు పంపేవాళ్లను స్ట్రింగర్లంటారు. ఉద్యోగులం కాము, రాసింది అచ్చయితేనే మా లెక్క. నేను అనకాపల్లి నుంచి బెల్లం మార్కెట్ ధరలు, చెరకు రైతుల ధర్నాలు, లారీ ప్రమాదాలు పంపేవాణ్ణి. రోజూ మూడు గంటల లోపు ఎస్టీడీ బూత్ నుంచి ఫ్యాక్స్ చేయాలి. విశాఖలో కూర్చుని మా రాతలు దిద్దేవాళ్లను డెస్క్ అనేవాళ్లం. మామూలు వార్త ఒక కాలమ్‌లో సన్నగా పోతుంది. కాస్త ఆసక్తిగా ఉన్నదాన్ని చుట్టూ గీతలు గీసి వేస్తారు, అది బాక్స్ ఐటమ్. బాక్స్‌కు చివర ఒక మంచి వాక్యం ఉండాలి. మా డెస్క్ దాన్ని తోక అనేది. తోక లేకపోతే బాక్స్ కాస్తా మర్నాడు సింగిల్ కాలమ్ అయ్యేది, లేదా అసలు వచ్చేది కాదు.

2001లో రావికమతం వైపు వెళ్లే బస్సులో కండక్టరు నాకొక కబురు చెప్పాడు. దారిలో ఒక ఊళ్లో రైతు కుటుంబం కొడుకును గాజులమ్మే సాయిబుల ఆవిడకు తవుడుకు అమ్మి, మళ్లీ తెచ్చుకున్నారని. మా వైపు వాళ్లకు ఇందులో వింత లేదు. పుట్టిన పిల్లలు దక్కని ఇంట్లో మళ్లీ బిడ్డ పుడితే, చేటలో పడుకోబెట్టి ఇంకొకరికి తవుడుకు అమ్ముతారు. కొన్నవాళ్లు బిడ్డను గడప దాటించి, కాసేపు తమ దగ్గర ఉంచుకుని, పెంచమని తిరిగి తల్లి చేతికే ఇస్తారు. బిడ్డ ఆ ఇంటివాడు కాదని మృత్యువును నమ్మించడం దాని ఉద్దేశం. ఉత్తరాంధ్రలో తవుడు, తవిటయ్య, తవిటమ్మ అనే పేర్లు ఇలా వచ్చినవే. కొన్నవాళ్లు ముస్లింలు కావడమే ఇక్కడ కొత్త.

దిగి వెళ్లాను. తల్లి పేరు పైడమ్మ, తండ్రి సన్యాసిరావు. రెండెకరాల చెరకు. అంతకు ముందు ఇద్దరు మగపిల్లలు ఏడాది నిండకుండానే పోయారు. మూడోవాడు పుట్టిన పదో రోజున గాజుల బీబమ్మ గంప నెత్తిన పెట్టుకుని వీధిలోకి వచ్చింది. పైడమ్మ అత్తగారు ఆవిడను పిలిచి, బిడ్డను కొనమని అడిగింది. బీబమ్మ దగ్గర తవుడు లేదు. పక్కింటి ఆవిడకు రెండు గాజులు తొడిగి గిన్నెడు తవుడు తీసుకుని, దానితో కొన్నది. పేరు పెట్టే హక్కు కొన్నవాళ్లది. ఆ ఊళ్లో అప్పటికే నలుగురు తవుడులు ఉన్నారు కాబట్టి ఇంకో పేరు చూడమన్నారు. బీబమ్మ అనకాపల్లి వెళ్లి భర్తను అడిగి, మరుసటి వారం హంజలా అనే పేరుతో వచ్చింది. ఆయన మసీదులో పిల్లలకు అరబ్బీ చదవడం నేర్పేవాడు.

ఫొటో కోసం బిడ్డను మళ్లీ చేటలో పడుకోబెట్టించాను. తిరుగు బస్సు ఎక్కాక గానీ ఆ పేరుకు అర్థం అడగలేదని గుర్తు రాలేదు. బూత్ నుంచి బీబమ్మ ఇంటికి నడిస్తే పది నిమిషాలు. అప్పటికి మూడు కావస్తోంది. బూత్ బల్ల మీదే కాగితం పెట్టుకుని, తోచింది రాసి ఫ్యాక్స్ చేశాను. అరబ్బీ పేర్లలో సగానికి అలాంటి అర్థమే ఉంటుందిలే అనుకున్నట్టు గుర్తు. ‘గిన్నెడు తవుడుకు కొడుకు’ అనే శీర్షికతో మర్నాడు బాక్స్ వచ్చింది. డెస్క్ నుంచి ఫోన్ చేసి బాగుందన్నారు. వారం తిరిగేసరికి మరిచిపోయాను.

2023 మే నెలాఖరున ఆ బిడ్డ బైకు మీద మా ఇంటికి వచ్చాడు. ఇరవై రెండేళ్లవాడు. బడిలో చేర్చినప్పుడు మాస్టారు చివర రావు తగిలించారట, రికార్డుల్లో హంజలారావు. ఐటీఐ చదివి, లైన్‌మన్ ఉద్యోగానికి బీసీ కోటాలో ఎంపికయ్యాడు. స్తంభం ఎక్కే పరీక్ష కూడా అయిపోయింది. సర్టిఫికెట్లు చూసే సమయానికి ఒక ఆకాశరామన్న అర్జీ వచ్చింది. వీణ్ణి పుట్టగానే ముస్లింలకు ఇచ్చేశారు, కుటుంబం ఆ మతంలో కలిసింది, ఇచ్చిన కుల ధ్రువపత్రం చెల్లదు అని. రుజువుగా నా వార్త.

"తప్పు రాసేరని అనట్లేదు సార్. మా యమ్మ దాన్ని లామినేసన్ సేయించి గోడకెట్టుకుంది," అన్నాడు హంజలారావు. "ఆ అర్థం ఏ పుస్తకంలోదో సెప్పండి. వొట్టి పేరుకి అర్థమే గానీ నన్ను ఎవలకీ ఇచ్చింది కాదని సూపించుకుంటాను."

పుస్తకం లేదని, అది నేను కల్పించిందేనని చెప్పాను. విని, హెల్మెట్ ఒళ్లో తిప్పుతూ, మరి అసలు అర్థం ఏటండీ అని అడిగాడు. తెలియదన్నాను. కనుక్కుని చెబుతానన్నాను.

బీబమ్మ ఉంది. ఎనభైకి దగ్గర పడింది, గాజుల గంప మానేసి చాలా కాలమైంది, భర్త పోయాడు. అనకాపల్లిలో కొడుకు ఇంట్లో ముందు గదిలో మంచం మీద కూర్చుని, నేను చెప్పిందంతా విన్నది.

"అప్పుడు మా ఇల్లు నీకు మరీ దూరమైపోనాదా బాబూ?" అన్నది. ఆవిడే మళ్లీ అందుకుంది. "మా ఆయన సెప్పింది నాకు గేపకముంది. ఆ దేశంలో ఇసక నేలల్లో ఓ పుచ్చకాయి కాత్తాదట. సూడ్డానికి ముద్దుగుంటాది, నోట్లో ఎట్టుకుంటే సేదు. ఏ పశువూ ముట్టదు. సావు కూడా నోట్లో ఎట్టుకుని ఊసీయాలి అనే ఆ పేరెట్టేడు. మీ తవుడూ అందుకే కదేటి?"

మసీదులో గాజువాక నుంచి వచ్చిన రిటైర్డ్ అరబ్బీ పంతులు ఒకాయన్ను కలిస్తే ఆయన కూడా అదే చెప్పారు. హంజల్ అంటే ఎడారిలో పాకే చేదుపుచ్చ తీగ. మన మందుల కొట్లలో దాన్నే పాపర అంటారు. పూర్వం అరబ్బులు కొడుకులకు ముళ్లచెట్ల పేర్లు, చేదు మొక్కల పేర్లు, క్రూరమృగాల పేర్లు పెట్టుకునేవారట, వినగానే శత్రువు జంకాలని. ప్రవక్త కాలంలో ఆ పేరు గల యువకుడొకడు పెళ్లయిన మర్నాడే యుద్ధానికి వెళ్లి చనిపోయాడని, అతని శరీరానికి దేవదూతలు స్నానం చేయించారని ముస్లింలు నమ్ముతారు. అతని మీద గౌరవంతో ఆ పేరు ఇప్పటికీ పెట్టుకుంటారు గానీ, మన వైపు అరుదు. అంకితం అనే మాట అందులో ఉందా అని అడిగాను. లేదన్నారు. నాకు ఎక్కడ దొరికిందని ఆయన అడిగితే, మాట దాటేశాను.

ఆ సాయంత్రమే హంజలారావు వాళ్ల ఊరికి వెళ్లాను. పైడమ్మ అరుగు మీద చింతపండు గింజలు తీస్తోంది. గోడ మీద నా వార్త, మెరిసే ప్లాస్టిక్కులో, దేవుడి పటాల వరసలో ఉంది. జరిగింది చెప్పాను. విచారణలో పేరుకు అర్థం అడుగుతారని, చేదుపుచ్చ అని ఉన్నదున్నట్టు చెబితే చాలని అన్నాను.

"సదువుకున్నోడివి. పేపర్లో లేనిది ఎలగ రాత్తావు?" అన్నది పైడమ్మ.

"రాశానమ్మా. నాకు తెలియక రాశాను."

"పేపరోల్లు రాసిందాన్ని గోడకెట్టి దండాలెడితే ఇలగే ఉంటాది," అన్నాడు సన్యాసిరావు లోపల్నుంచి. ఆవిడ పట్టించుకోలేదు.

"ఇద్దర్ని మట్టిలో ఎట్టేను బావు. నువ్వు రాసింది మా మరిది సదివి ఇనిపించినాడు. దేవుడికిచ్చీసిన పిల్లడంట, మరేటీ అవదు అనుకున్నాను. అల్లాయో, నూకాలమ్మో, ఎవలో ఒకలు సూసుకుంటన్నారు. ఇరవై రెండేళ్లు బతికేడు. ఇప్పుడు ఆడు కరెంటు తంబాలెక్కుతానంటన్నాడు. ఆ మాట ఇప్పుడు తీసీమంటావేటి?"

ఉద్యోగం రావాలంటే ఆ మాట తీసేయాలి. ఆ ఉద్యోగం వస్తుందన్న భయంతోనే ఆమెకు ఆ మాట కావాలి. చీకటి పడకముందే చివరి బస్సుకు వచ్చేశాను.

విచారణ రోజున నా తర్వాత బీబమ్మను పిలిచారు. కొడుకు చెయ్యి పట్టుకుని వచ్చి, కుర్చీలో కూర్చున్నది. పిల్లణ్ణి మతంలో కలుపుకోవడానికి కొనలేదని, తవుడు పెట్టి కొని, వీధి దాకా ఎత్తుకుని, పాలకు ఏడుస్తుంటే తల్లికి ఇచ్చేశానని చెప్పింది. భర్త చెప్పిన అర్థం కూడా చెప్పింది. అధికారి అన్నీ రాసుకున్నారు. అంతవరకూ పని సాఫీగానే ఉంది. తర్వాత పైడమ్మను పిలిచారు.

పెళ్లి, పిల్లలు, పూజలు, ఏ గుడికి వెళ్తారు, చనిపోయిన పిల్లలను ఎలా సాగనంపారు, అన్నింటికీ సరిగ్గానే చెప్పింది. చివరికి అధికారి, మీ అబ్బాయి పేరుకు అర్థం ఏమిటమ్మా అన్నారు. పైడమ్మ నా వాక్యాన్ని ఒక్క మాట పొల్లుపోకుండా అప్పజెప్పింది.

"ఈయనే దాన్ని కల్పించానని ఇప్పుడే సంతకం పెట్టారమ్మా," అన్నారు అధికారి నన్ను చూపిస్తూ.

"ఆయనకి తెలీకపోతే ఏటి? రాయించినోడికి తెలుసు," అన్నది పైడమ్మ.

అధికారి ఆ మాటనూ రాశారు. రాయకుండా ఉండలేరు. పైడమ్మ వేలిముద్ర వేసింది. బయటికి వచ్చాక నేను మరొకసారి ఆమెకు నచ్చజెప్పబోతే, హంజలారావు మెల్లగా నన్ను పక్కకు తీసుకెళ్లాడు. "మా యమ్మనింకేటీ అడక్కండి సార్. నానూ అడగను," అన్నాడు.

పత్రికకు సవరణ రాసి పంపాను. వార్తలో తప్పు పడితే తర్వాతి సంచికలో సవరణ అని రెండు లైన్లు వేయడం మా పద్ధతి. డెస్క్‌లో ఇప్పుడున్న సబ్ ఎడిటర్ మర్యాదగానే మాట్లాడాడు. అంత పాత సంచిక తమ కంప్యూటర్లలో లేదని, చూడని వార్తకు సవరణ వేయలేమని చెప్పాడు. అతని స్థానంలో ఉంటే నేనూ అదే చెప్పేవాణ్ణి.

ఈ వృత్తిలోకి వచ్చే పిల్లలు ఎవరైనా సలహా అడిగితే, ఇంతకు ముందు లీడ్, అంటే వార్తలో మొదటి వాక్యం, ఎలా రాయాలో, పేర్లు ఎలా సరిచూసుకోవాలో చెప్పేవాణ్ణి. ఇప్పుడు, తెలియనిచోట తెలియదని రాసి ఆపేయమని చెబుతున్నాను. బాక్స్ రాదు, సింగిల్ కాలమే వస్తుంది. చాలామందికి ఇది సలహాలా అనిపించదు. ఆ బూత్‌లో ఎవరైనా నాకు చెప్పి ఉంటే నాకూ అనిపించేది కాదు.

హంజలారావుతో ఎంపికైనవాళ్లు శిక్షణ ముగించి ఉద్యోగాల్లో చేరిపోయారు. వాడి పేరు ఎదుట పెండింగ్ అని ఉంది. ప్రస్తుతం చీడికాడ వైపు ఒక ప్రైవేటు కాంట్రాక్టరు దగ్గర స్తంభాలెక్కే పనే చేస్తున్నాడు. విచారణ చేసిన అధికారి బదిలీ మీద వెళ్లారు. ఆవిడ తర్వాత వచ్చినాయన ఫైలు చదివి, మిగతా సాక్ష్యాలన్నీ ఒకవైపు, తల్లి మాట ఒకవైపు ఉన్నాయి కాబట్టి, బిడ్డను ఏ మతానికీ ఇవ్వలేదని, పేరుకు ఆ అర్థం లేదని ఆమె మళ్లీ వాంగ్మూలం ఇస్తే పైకి పంపిస్తానన్నారు. టైపు చేయించిన కాగితం సిద్ధంగా ఉంది. హాజరు కమ్మని పైడమ్మకు నోటీసు అంది తొమ్మిది నెలలైంది. ఆమె ఇంకా వెళ్లలేదు.