వంటక్క ఉప్పు

మా ఆసుపత్రి క్యాంటీన్‌లో పెద్ద పొయ్యి దగ్గర ఇరవై రెండేళ్ళు నిలబడ్డ మనిషిని అందరం వంటక్క అనేవాళ్ళం. పెద్ద డాక్టరు కూడా అలాగే పిలిచేవాడు. నేను ఆవిడ దగ్గర కూరగాయలు తరిగేదాన్ని. ఆవిడ గురించి మంచి చెప్పడానికి నాకేం మొహమాటం లేదు. ఆవిడ చెల్లెలి గురించి చెడు చెప్పడానికి అంతకన్నా లేదు.

కిందటేడు పెద్ద జ్వరం వచ్చి తగ్గాక వంటక్కకి వాసనా రుచీ రెండూ పోయాయి. నోట్లో ఉప్పు వేసినా పంచదార వేసినా ఒకటే. ఈ సంగతి బయటపడితే పొయ్యి దగ్గర నుంచి తీసేస్తారని ఆవిడ భయం. తెలిసింది నాకూ, అదే వంటింట్లో పనిచేసే ఆవిడ సొంత చెల్లెలికీ మాత్రమే. తల్లి పోతే ఆ చెల్లెల్ని చంకనేసుకుని పెంచింది వంటక్కే, ఈ పనిలో పెట్టించిందీ వంటక్కే. కాబట్టి రుచి చూసే బాధ్యత చెల్లెలిదైంది. చెంచాడు నోట్లో వేసుకుని, గిన్నె అంచు మీద ఒకసారి కొడితే ఇంకా ఉప్పు పడాలని, రెండుసార్లు కొడితే సరిపోయిందని. పది నెలలు ఇంకెవరికీ చీమంతైనా అనుమానం రాలేదు.

ఇంతలో కొత్త మేనేజరు వచ్చాడు.

"గుండె జబ్బు వాళ్ళకి మాంసం లేకుండా, ఉప్పు తక్కువగా, కొత్త రకం వంట ఒకటి కావాలి. శుక్రవారం పెద్ద డాక్టరు గారూ నేనూ తిని చూస్తాం. బాగుంటే వంటిల్లు మీ చేతిలోనే ఉంటుంది, లేదంటే మార్చాల్సి వస్తుంది" అన్నాడు.

వంటక్క వారం రోజులు అదే ధ్యాసలో ఉంది. వసంతం మొదట్లో వచ్చే లేత కూరగాయలే ఏరింది. పచ్చి బఠానీలు, వేలెడేసి క్యారెట్లు, ఉల్లికాడలు, పాలకూర. వండే పద్ధతేమో ఇటలీది, కొబ్బరి పాలూ అల్లమూ ఇంకెక్కడివో, బార్లీ మాత్రం మా సామాన్ల గదిలోది. బార్లీని వేయించి, కూరగాయలు మరిగించిన నీళ్ళు గరిటెడు గరిటెడు పోస్తూ, గంటసేపు చెయ్యి తీయకుండా కలిపింది. బఠానీలు చివర్లో వేసింది, రంగు పోకూడదని.

శుక్రవారం ఆ గిన్నె పక్కనే నేను ఉల్లికాడలు తరుగుతున్నాను. చెల్లెలు రుచి చూసి చెంచాతో ఒకసారి కొట్టింది. వంటక్క ఉప్పు వేసింది. మళ్ళీ ఒకసారి. మళ్ళీ వేసింది. మూడోసారీ ఒక్కటే దెబ్బ. వంటక్క చెయ్యి ఉప్పు డబ్బా మీద ఆగింది. చెల్లెలి మొహంలోకి చూసింది. చెల్లెలు తల ఊపింది. మూడోసారీ వేసింది. నేను లేచి ఒక్క చెంచా నోట్లో వేసుకుని ఉంటే సరిపోయేది. అక్కాచెల్లెళ్ళ మధ్య నాకెందుకులే అనుకున్నాను. ఆ బుద్ధికి నన్ను నేను ఇప్పటికీ తిట్టుకుంటాను.

పెద్ద డాక్టరు మొదటి ముద్దకే మంచినీళ్ళు అడిగాడు. మేనేజరు పళ్ళెం పక్కకి తోశాడు.

"ఏమ్మా, ఇది గుండె జబ్బు వాళ్ళకా? కనీసం నోట్లో వేసుకుని చూశారా?"

వంటక్క ఆ పళ్ళెం అందుకుంది. చెల్లెలు చూసిందని చెబితే గుట్టు రట్టవుతుంది. ఆ గుట్టు చెల్లెలే విప్పింది.

"అక్కకి రుచి తెలీదు సార్. పది నెలలైంది. చెబితే బాధపడుతుందని ఊరుకున్నాను. రోజూ సరిచేసేది నేనే. ఇవాళ నన్ను చెంచా ముట్టనివ్వలేదు."

నా ఒళ్ళు మండిపోయింది. వాళ్ళు వెళ్ళిపోయాక వంటక్క చెల్లెల్ని అడిగింది.

"ఎందుకు చేశావే ఇలాగ?"

"ఎన్నాళ్ళని నీ వెనకాల చెంచా పట్టుకుని నిలబడను? నాలుక నాది, పేరు నీది. వంటక్క అంటే నువ్వే. నేనెవరో ఒక్కరికైనా తెలుసా?"

"నన్నడిగితే ఇచ్చేదాన్ని కదే."

"నువ్వా? ఆ పొయ్యి వదిలేదానివా?"

అందులో నిజం లేకపోలేదు. అయినా గొంతు కోయడానికి అది కారణమా?

సోమవారం నుంచి పెద్ద పొయ్యి చెల్లెలిది. వంటక్క నా పక్కన పీట వేసుకుని క్యారెట్లు చెక్కుతోంది. మొదటి రోజు ఒకే ఒక్క మాట అంది.

"మూడోసారి నా చెయ్యి వద్దందే. ఇరవై రెండేళ్ళ చెయ్యి. దాన్ని కాదని, చెల్లెల్ని నమ్మాను."

నిన్న మధ్యాహ్నం ఇంటి నుంచి తెచ్చుకున్న కూర మూత తీసి, చెంచాడు నాకు అందించింది. "ఉప్పు సరిపోయిందా?"

నిజంగానే సరిపోయింది. అదే చెప్పాను.

నా మొహంలోకి చాలాసేపు చూసింది. తర్వాత ఇంకో చెంచాడు తీసుకుని లేచి, గిన్నెలు కడిగే ఆవిడ దగ్గరికి వెళ్ళి, అదే మాట అడిగింది.