అతికిన పోగు

మంగళగిరి నేతగాడు పానకాలు పేగు మూసుకుపోతే, బ్రాడీపేట డాక్టరుగారు కోసి అతికారు. ముందు పల్చటి గంజి, కడుపు ఒప్పుకుంటేనే చిక్కటిది అన్నారు. పడుగు నూలుకి గంజి పెట్టే భార్య రాఘవమ్మ ఇప్పుడు మొగుడికీ గంజి కాస్తోంది. పానకాలు గుక్క గుక్కకీ ఆగి, మగ్గం చప్పుడు విన్నట్టే పొట్ట చప్పుడు వింటాడు. ఓ పొద్దున బావమరిది చలమయ్య గోంగూర పచ్చడి పట్టుకొచ్చాడు.

“గంజినీళ్లతో బలమెక్కడొస్తుంది బావా? రెండు ముద్దలు తిను!”

వాసనకే పానకాలుకి నోరూరింది. అయినా గిన్నె పక్కకి జరిపాడు.

“ఒరేయ్, తెగిన పోగు అతికి, ఆ పూటే బిగించి లాగుతావా?”

తనూ నేతగాడే కాబట్టి చలమయ్య పచ్చడి గిన్నెకి మూత పెట్టేశాడు. పానకాలు పొట్ట తడుముకుని, ఖాళీ గ్లాసు రాఘవమ్మకి అందించాడు.

“రేపు కాస్త చిక్కగా కాయవే. అతుకు నిలిచింది.”